ఆడపిల్లల చేతిలోని ఫోను - పంచాయతీ సభ్యులు తెలిసికొనవలసిన సంగతులు

మన గ్రామములలో చెరువునకు రెండు మూడు రేవులు ఉండుట సాధారణము. వానిలో ఒకటి ఆడవారి రేవు. ఆ రేవునకు తలుపు లేదు, తాళము లేదు, అక్కడ కావలి ఉండవలెనని పంచాయతీ చేసిన తీర్మానమును లేదు. అయినను స్త్రీలు స్నానమునకు వచ్చు వేళ పురుషుడెవడును ఆ గట్టున నిలువడు. నిలిచినవానిని పెద్దలు మందలింతురు. అంతే కాని, స్నానమునకు వచ్చిన స్త్రీని పట్టుకొని "నీవు చెరువునకేల వచ్చితివి?" అని ఏ పెద్దమనిషియు అడుగడు. ఏకాంతమనగా ఏమో, దానికి భంగము కలిగినప్పుడు దోషమెవరిదో మన పల్లెలకు ఒకరు వచ్చి బోధింపవలసిన పని లేదు.

ఈ తెలివి సెల్ ఫోను విషయమునకు వచ్చుసరికి ఎందువలననో మనకు మరపు వచ్చుచున్నది. ఒక బాలిక ఫొటోను ఎవడో దుర్మార్గుడు మార్చి పదిమందికి పంపినాడనుకొందము. ఊరిలో మొదట వినవచ్చు మాట "ఆ పిల్లకు ఫోను ఎవరిచ్చినారు?" అనునది. పంపినవాడెవడను ప్రశ్న ఆ తరువాత వచ్చును. ఒక్కొక్కప్పుడు రానే రాదు. ఇట్టి తగవు ఏ గ్రామమునకైనను, ఏ ఇంటికైనను రావచ్చును. వచ్చినప్పుడు ఆ ఇంటివారు పోలీసు ఠాణాకు పోవుటకు ముందు వార్డు సభ్యుని యొద్దకో, సర్పంచి యొద్దకో వచ్చుట మన పల్లెలలో పరిపాటి. అప్పుడు మీరు చెప్పు మాటను బట్టి ఆ బాలిక చదువు, ఒక్కొక్కప్పుడు ఆమె ప్రాణము, నిలుచుటయో పోవుటయో జరుగును. అందుచేత ఈ విషయమును కొంచెము విపులముగా వ్రాయుచున్నాము.

ఫోను ఇంటిలోనికి వచ్చిన విధము

ఐదవ జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే వారు మన రెండు రాష్ట్రములలో 2019లో లెక్కలు సేకరించినారు. 15 మొదలు 49 సంవత్సరముల వయస్సుగల స్త్రీలలో ఇంటర్నెట్టును ఎప్పుడైనను ఉపయోగించినవారు ఆంధ్ర ప్రదేశ్‌లో నూటికి 21 మంది, తెలంగాణలో నూటికి 26 లేక 27 మంది మాత్రమే. పురుషులలో ఆంధ్ర ప్రదేశ్‌లో నూటికి 49 మంది, తెలంగాణలో 57 మంది. అనగా మగవారిలో సగము మందికి తెలిసిన వస్తువు ఆడవారిలో నాలుగింట ఒకరికి మాత్రమే తెలిసియుండెను.

మరుసటి సంవత్సరమే కరోనా వ్యాధి వచ్చి పాఠశాలలు మూతపడినవి. పాఠములు టెలివిజను ద్వారాను, ఫోను ద్వారాను చెప్పవలసివచ్చెను. అంతవరకు తండ్రి జేబులోనో అన్న చేతిలోనో ఉన్న ఫోను చదువు పేరున ఆడపిల్ల చేతికి వచ్చినది. నడుపుట నేర్పకుండ బండి ఇచ్చినట్లే జరిగినది. ఆ పిల్లకు ఖాతా తెరచి ఇచ్చినవాడు పినతండ్రి కుమారుడో, ఫోను దుకాణము కుర్రవాడో అయియుండును. పాస్‌వర్డు ఆమెకంటె వానికే బాగుగ తెలియును. ఫోను ఇంటిల్లపాదిది కాబట్టి ఆమెకు వచ్చిన సందేశమును ఎవరైనను చదువుదురు. మన పెద్దలు కార్డుముక్క మీద ఏమి వ్రాయవచ్చునో, కవరులో పెట్టి అంటింపవలసినదేదో ఎరిగియుండిరి. ఈ భేదమును ఫోను విషయములో పిల్లలకు చెప్పినవారు లేరు.

నిషేధము వలన లాభమెంత?

ఇట్టి చిక్కులకు భయపడి కొన్నిచోట్ల పెద్దలు ఒక సులువైన మార్గము కనుగొనినారు. 2016 ఫిబ్రవరిలో గుజరాతు రాష్ట్రము మెహసానా జిల్లాలోని సూరజ్ అను గ్రామమున పెండ్లికాని ఆడపిల్లలు సెల్ ఫోను వాడరాదని కట్టడి చేసిరి. వాడినచో 2,100 రూపాయల జరిమానా. పట్టి ఇచ్చినవారికి 200 రూపాయల బహుమానము. 2019 జూలైలో ఆ రాష్ట్రమందే బనాస్‌కాంఠా జిల్లాలో పన్నెండు గ్రామములవారు ఒక కులము పెద్దల ఆధ్వర్యమున ఇట్టి నిర్ణయమే చేసిరి. ఆ కట్టడులకు చట్టబలము లేదు. మగపిల్లలకు అట్టి కట్టడి లేకపోవుటను పాఠకులు గమనింపవలెను.

నిషేధము చేసిన పెద్దలు చెడ్డవారని మేము అనము. పిల్లల క్షేమము కోరియే చేసియుందురు. కాని ఫలితమేమగునో ఆలోచింతము. ఒక బాలికను ఫొటో చూపి బెదరించువాడు దేనిని నమ్ముకొని బెదరించుచున్నాడు? ఫొటోను కాదు. "ఈ సంగతి ఇంటిలో తెలిసినచో నిన్ను కొట్టుదురు, బడి మాన్పింతురు, పెండ్లి చేసి పంపుదురు" అను ఆమె భయమును నమ్ముకొని బెదరించుచున్నాడు. ఊరు నిషేధము విధించినచో ఆ భయము రెట్టింపగును. దొంగతనముగా ఫోను వాడిన పిల్ల, ఆపద వచ్చినప్పుడు తల్లికి చెప్పుకొను దారి కూడ పోగొట్టుకొనును. అనగా ఊరి పెద్దలు చేసిన కట్టడి బెదరించువానికే ఆయుధమగుచున్నది.

ప్లాన్ ఇంటర్నేషనల్ అను సంస్థవారు 2020లో 22 దేశములలో 15 నుండి 25 సంవత్సరముల వయస్సుగల 14,000 మంది బాలికలను, యువతులను ప్రశ్నించిరి. ఇంటర్నెట్టులో ఏదో ఒక విధమైన వేధింపునకు గురియైనామని నూటికి 58 మంది చెప్పిరి. వేధింపబడినవారిలో దాదాపు ఐదింట ఒకరు ఆయా వేదికలను మానివేయుటయో, వాడుక తగ్గించుకొనుటయో చేసిరి. తప్పు చేసినవాడు అందులోనే ఉండగా, తప్పు చేయనివారు తొలగిపోయినారన్నమాట. ఆడవారి రేవు గట్టున ఒకడు నిలిచినాడని ఆడవారే చెరువు మానినట్లున్నది.

అపాయము వచ్చు త్రోవలు

"మా పిల్ల ఏ తప్పు చేయలేదు, ఆమెకు ఏమియు కాదు" అనుకొను తల్లిదండ్రులు చాలమంది కలరు. 2023 నవంబరులో సినిమా నటి రష్మిక మందన్న ముఖమును వేరొక యువతి వీడియోకు అతికించి ఎవడో ప్రచారము చేసినాడు. కృత్రిమ మేధ అను కొత్త యంత్రవిద్యతో చేసిన పని అది. ఢిల్లీ పోలీసులు వెదకి వెదకి 2024 జనవరిలో పట్టుకొనిన యువకుడు మన గుంటూరివాడు. తాను నడుపు అభిమానుల ఖాతాను చూచువారి సంఖ్య పెంచుకొనుటకు అట్లు చేసినాడని పోలీసులు తెలిపిరి. సంక్రాంతి ముగ్గు ప్రక్కన తీసికొనిన ఫొటో ఒక్కటి ఉన్నచాలును. ఇట్టి పని మన ఊరి పిల్లకును చేయవచ్చును. ఇందులో ఆ పిల్ల చేసిన తప్పేమి?

రెండవ త్రోవ ఫోను నంబరు. 2017లో ఉత్తర ప్రదేశ్‌లో ఫోనులకు డబ్బు వేయించు దుకాణములలో ఆడపిల్లల నంబరులు అమ్ముచున్నారని పత్రికలలో వచ్చినది. పిల్ల అందమును బట్టి నంబరు ధర 50 రూపాయలు మొదలు 500 రూపాయల వరకు ఉండెనట! చదివినప్పుడు మాకును నమ్మ శక్యము కాలేదు. రీఛార్జి పుస్తకములో నంబరును అందరి ఎదుట వ్రాయించుట, మరమ్మత్తునకు ఇచ్చిన ఫోనులో ఫొటోలను అట్లే ఉంచుట మన పల్లెలలోను కలదు. దుకాణదారులందరు చెడ్డవారు కారు. కాని పెట్టె తాళము వేయకుండ మోతగానికి ఎవరును ఇయ్యరు కదా.

మూడవ త్రోవ పరిచయము. బెదరించువాడు ఎక్కడనో దూరదేశమున ఉండునని అనుకొందుము. దూరమున ఉండువారును కలరు. ఆడపిల్ల పేరు పెట్టుకొని మగపిల్లలతో మాటలు కలిపి, వారి నగ్న చిత్రములు సంపాదించి డబ్బు గుంజు ముఠాలున్నవి. ఈ విషయములో మగపిల్లలు సిగ్గుచే ఆడపిల్లలకంటెను ఎక్కువగా దాచుదురు. కాని చాల తగవులలో నేరము చేసినవాడు ఎరిగినవాడే అయియుండును: తరగతిలో తోటివాడు, ప్రేమయని వెంటబడి కాదనిపించుకొనినవాడు, బంధువు.

ఫోనులో చేసికొనదగిన జాగ్రత్తలు అనేకములు కలవు. వానిని బడిలో ఉపాధ్యాయులు చెప్పుట మేలు గనుక ఇచ్చట క్లుప్తముగా చెప్పి ముగింతుము. పాస్‌వర్డు తనకు మాత్రమే తెలియవలెను. రెండంచెల తాళము, అనగా పాస్‌వర్డుతోపాటు మరియొక సంఖ్య అడుగు ఏర్పాటు, వాట్సాప్‌లోను ఇతర ఖాతాలలోను పెట్టుకొనవలెను. ఓ.టి.పి. ఎవరికిని చెప్పరాదు. ఇన్‌స్టాగ్రామ్ వారు 2025 ఫిబ్రవరి నుండి మన దేశమందు 18 సంవత్సరములు నిండనివారికి ప్రత్యేక ఖాతాలు ఏర్పరచినారు. వానిలోని ఫొటోలు అపరిచితులకు కనబడవు. కాని పిల్లలు ఖాతా తెరచునప్పుడు పుట్టిన సంవత్సరము తప్పుగా వ్రాసినచో ఈ రక్షణ దొరకదు.

చట్టము ఏమనుచున్నది?

ఏకాంతము గూర్చి మన దేశపు న్యాయస్థానములలో జరిగిన వాదములలో ఒక తెలుగువాని పేరు చిరస్థాయిగా నిలిచినది. పోలీసులు రాత్రివేళ ఒక మనుష్యుని ఇంటికి పోయి తలుపు తట్టి లేపుటను గూర్చిన వ్యాజ్యము సుప్రీముకోర్టునకు వచ్చినది. 1962 డిసెంబరులో తీర్పు చెప్పుచు న్యాయమూర్తులలో అధిక సంఖ్యాకులు, రాత్రి సోదాలు చెల్లవనిరి గాని, ఏకాంతము హక్కుగా రాజ్యాంగమున లేదనిరి. రాజమహేంద్రవరమున పుట్టి, ఆంధ్ర హైకోర్టుకు మొదటి ప్రధాన న్యాయమూర్తియైన కోకా సుబ్బారావుగారు అందుకు సమ్మతింపలేదు. ఏకాంతము లేనిచో స్వేచ్ఛయే లేదని వారు వేరుగా తీర్పు వ్రాసిరి. 2017 ఆగస్టు 24వ తేదీన తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనము, జస్టిస్ పుట్టస్వామిగారు తెచ్చిన వ్యాజ్యములో, ఏకాంతము ప్రతి పౌరునికి ప్రాథమిక హక్కని ఏకగ్రీవముగా నిర్ణయించినది. సుబ్బారావుగారి మాట 55 సంవత్సరముల తరువాత నెగ్గినది. ఈ హక్కు పెద్దలకే కాదు, పదమూడేండ్ల పిల్లకును కలదు.

ఇక శిక్షల మాట. ఒకరి గుప్తాంగముల చిత్రమును వారి సమ్మతి లేకుండ తీయుటయు, పంపుటయు 2000 సంవత్సరపు సమాచార సాంకేతిక చట్టము 66-ఇ సెక్షను క్రింద నేరము; మూడు సంవత్సరముల వరకు ఖైదు, లేదా రెండు లక్షల వరకు జుల్మానా, లేదా రెండును. ఇతరుల పాస్‌వర్డును మోసముతో వాడుట, ఇతరుల పేరున నటించి ఫోను ద్వారా వంచించుట కూడ నేరములే. 2024 జూలై 1వ తేదీ నుండి అమలులోనున్న భారతీయ న్యాయ సంహితలో 78వ సెక్షను స్త్రీల వెంటబడుటను గూర్చినది. వీధిలో వెంటబడుట మాత్రమే కాదు, ఆమె ఇంటర్నెట్టులో ఏమి చేయుచున్నదో పొంచి చూచుట కూడ అందులో చేరినది.

18 సంవత్సరములు నిండని పిల్లల అశ్లీల చిత్రముల విషయమున చట్టము మరింత కఠినము. వానిని ప్రచురించుట, పంపుట మొదటి తప్పుగానే ఐదు సంవత్సరముల వరకు ఖైదునకును, పది లక్షల వరకు జుల్మానాకును పాత్రము. ఇట్టి చిత్రములను తొలగింపక, పోలీసులకు తెలుపక ఫోనులో దాచుకొనుట కూడ నేరము కాగలదని 2024 సెప్టెంబరు 23వ తేదీన సుప్రీముకోర్టు స్పష్టము చేసినది. "నాకు వచ్చినది, నేను ఇంకొకరికి పంపితిని, అంతే" అను యువకులకు ఈ సంగతి బాగుగ తెలియజెప్పవలెను.

తగవు మీయొద్దకు వచ్చినప్పుడు

మొదటి మాట: "ఏదీ, ఆ ఫొటో చూపుము" అని అడుగవలదు. పదిమంది పెద్దలు ఆ ఫొటోను చేతులు మార్చి చూచుట ఆ పిల్లకు రెండవమారు జరిగిన అవమానము. చిన్నపిల్లల చిత్రమైనచో సాక్ష్యము కొరకని మీ ఫోనునకు పంపించుకొనుట కూడ తగదు. ఉన్న ఫోనులో ఉన్నట్లే ఉంచి, ఆ ఫోనునే పోలీసులకు చూపవలెను. బెదరింపు సందేశములు, పంపినవాని నంబరు, ఖాతా పేరు, తేదీ, వేళ చెరపకుండ ఉంచుట ముఖ్యము. కోపముతోనో సిగ్గుతోనో ఇంటివారు మొదట చేయు పని ఫోనులోనిదంతయు చెరపివేయుట, లేదా ఫోను పగులగొట్టుట. నేరస్థునికి ఇంతకంటె ఉపకారము లేదు.

రెండవది, రచ్చబండ మీద రాజీ. ఇరుప్రక్కలవారిని కూర్చుండబెట్టి, కుర్రవానిచే క్షమాపణ చెప్పించి, కొంత సొమ్ము ఇప్పించి పంపుట మన పెద్దలకు అలవాటైన పద్ధతి. గట్టు తగాదాకు అది మంచిదే. 18 ఏండ్లు నిండనివారిపై జరిగిన లైంగిక నేరములకు అది పనికిరాదు. 2012 పోక్సో చట్టము 19వ సెక్షను ప్రకారము ఇట్టి నేరము జరిగినదని తెలిసిన ప్రతి వ్యక్తియు పోలీసులకు తెలుపవలెను. తెలుపనిచో 21వ సెక్షను క్రింద ఆరు నెలల వరకు ఖైదు కాని, జుల్మానా కాని, రెండును కాని విధింపవచ్చును. రాజీ చేసిన పెద్దమనిషి తానే ముద్దాయి కావచ్చునన్నమాట. సద్బుద్ధితో తెలిపినవారికి మాత్రము ఏ బాధ్యతయు రాకుండ ఆ చట్టమే రక్షణ ఇచ్చినది.

ఠాణా పేరు చెప్పగానే తల్లిదండ్రులు వెనుకకు తగ్గుదురు. వారికి చెప్పదగిన సంగతులు కొన్ని కలవు. పోక్సో చట్టము క్రింద పిల్లల వాఙ్మూలమును వారి ఇంటి యొద్దనే, వీలైనంతవరకు సబ్ ఇన్‌స్పెక్టరుకు తక్కువకాని మహిళాధికారి, పోలీసు దుస్తులు లేకుండ వ్రాసికొనవలెను. రాత్రివేళ పిల్లలను ఠాణాలో ఉంచరాదు. మా పరిధి కాదని త్రిప్పి పంపరాదు. ఏ ఠాణాలో చెప్పినను మొదటి సమాచార నివేదిక వ్రాసికొనవలెను. సమాచార సాంకేతిక చట్టపు నేరములను ఇన్‌స్పెక్టరు హోదాకు తగ్గనివారే దర్యాప్తు చేయవలెను. ఠాణాకు పోవునప్పుడు తల్లితోపాటు వార్డు సభ్యురాలు ఒకరు వెళ్లుట మంచిది. మన రెండు రాష్ట్రముల పంచాయతీలలో సగము స్థానములు స్త్రీలవే కదా. ఈ పనికి వారిని మించినవారు లేరు.

ఠాణాకు పోకుండగనే సైబర్‌క్రైమ్ డాట్ గవ్ డాట్ ఇన్ అను కేంద్ర ప్రభుత్వపు వేదికలో ఫిర్యాదు చేయవచ్చును. స్త్రీలకు, పిల్లలకు సంబంధించిన చిత్రముల విషయములో పేరు చెప్పకుండగనే ఫిర్యాదునకు వీలు కలదు. సొమ్ము పోయినచో ఆలస్యము చేయక 1930 నంబరునకు ఫోను చేయవలెను. పిల్లలకు 1098, స్త్రీలకు 181, అత్యవసరమునకు 112. తెలంగాణలో 2014 నుండి షీ టీములు పనిచేయుచున్నవి.

ఫొటో వ్యాపింపకుండ ఆపుటకు ఒక ఉపాయము కలదు. 18 ఏండ్లలోపు వారికి "టేక్ ఇట్ డౌన్", పెద్దవారికి "స్టాప్ ఎన్.సి.ఐ.ఐ." అను ఉచిత సేవలున్నవి. మనుష్యునకు వేలిముద్ర ఉన్నట్లే ప్రతి ఫొటోకు ఒక సంఖ్యారూపమైన ముద్ర తీయవచ్చును. ఆ ముద్రను బాధితురాలి ఫోనే తయారుచేయును. ముద్ర మాత్రమే సంస్థకు చేరును, ఫొటో ఫోను విడిచిపోదు. ఈ ఏర్పాటులో చేరిన కంపెనీలు ఆ ముద్రకు సరిపోలిన ఫొటో తమ వేదికలలో కనబడినచో తొలగించును. వాట్సాప్‌లో మూసిన కవరువలె ఒకరినుండి ఒకరికి పోవు ఫొటోలను మాత్రము ఇది పట్టుకొనజాలదు. అదియుగాక, ఇట్టి చిత్రముపై బాధితురాలు కాని, ఆమె తరపున మరియొకరు కాని ఫిర్యాదు చేసినచో కొద్ది గంటలలోనే తొలగింపవలెనని 2021 నాటి నియమములు కంపెనీలకు గడువు పెట్టినవి. పిల్ల వ్రాయలేని స్థితిలో ఉన్నప్పుడు ఆమె తరపున మీలో ఒకరు వ్రాయవచ్చును.

పంచాయతీ కార్యాలయపు గోడ

ఇంతవరకు ఇతరుల తప్పులు చెప్పితిమి. ఇక మనవి కొన్ని కలవు. లబ్ధిదారుల జాబితాలలో ఆడపిల్లల పేరు, ఫోను నంబరు, ఆధార్ సంఖ్య అన్నియు కలిపి గోడకు అంటించుట, ఆ కాగితమునే ఫొటో తీసి ఊరి వాట్సాప్ గుంపులో పెట్టుట కలదు. ఆధార్ సంఖ్యను బహిరంగముగా ప్రకటింపరాదని 2016 ఆధార్ చట్టమే చెప్పుచున్నది. జాబితాకు పేరు చాలును. బహుమతులు పంచిన సభలో బాలికల ఫొటోలు తీసి వారి తల్లిదండ్రులను అడుగకుండ అందరికి పంపుట కూడ ఆలోచింపదగినది. ఊరి గుంపునకు నిర్వాహకులు మీలో ఒకరే అయియుందురు గనుక, అనుచితమైన చిత్రము వచ్చిన వెంటనే తొలగించి, పంపినవానిని గుంపునుండి తీసివేయు అధికారము మీ చేతిలోనే ఉన్నది.

ఫిర్యాదు చేసిన పిల్ల పేరును గ్రామసభలో చర్చింపరాదు. తీర్మానముల పుస్తకములో వ్రాయరాదు. బాధితులైన పిల్లల గుర్తింపును బయటపెట్టుట 2015 బాలల న్యాయ చట్టము 74వ సెక్షను క్రింద నేరము.

మరియొక చిన్న సంగతి. దర్యాప్తు కొరకు పోలీసులు ఆ ఇంటి ఫోనును తీసికొనిపోవచ్చును. తిరిగివచ్చుటకు నెలలు పట్టవచ్చును. ఆ ఇంటికి అదియొక్కటే ఫోను అయియుండును. తండ్రి కూలిపనులకు పిలుపులు, బ్యాంకు సందేశములు, పిల్ల పాఠములు అన్నియు దానిలోనే. ఈ ఇబ్బందికి జంకి ఫిర్యాదు విరమించుకొనువారు కలరు గనుక, దీనిని ముందుగనే వారికి చెప్పి, స్వయం సహాయక సంఘము ద్వారానో, దాత ద్వారానో మరియొక ఫోను సమకూర్చుటకు పంచాయతీ వారు ప్రయత్నింపవచ్చును. పాత నంబరునకే కొత్త సిమ్ కార్డు తీసికొనుటకు కుటుంబములో ఆ నంబరు ఎవరి పేరున ఉన్నదో వారే గుర్తింపు పత్రముతో దుకాణమునకు పోవలెను. మరునాడు ఆ పిల్ల బడికి వచ్చినదో లేదో ప్రధానోపాధ్యాయుని అడిగి తెలిసికొనుటయు వార్డు సభ్యురాలి పనియే.